బావగారి ఫొటోకి దండ

మొన్న ఆబిడ్స్‌లో ఫొటోలకు ఫ్రేములు కట్టే దుకాణంలో మా బావగారి ఫొటో ఇచ్చాను. పదకొండో రోజుకి కావాలని అక్క పంపింది. దుకాణాయన అద్దం తుడుస్తూ, "దండ గూడ పెట్టాల్నా సార్? గంధం దండ మంచిగుంటది" అన్నాడు. నేను దండల మీంచి చూపు తిప్పుకున్నాను. "ఏంది సార్, గంత ఫికర్ చేస్తున్రు? ఇది వాడిపోదు" అంటూ ఆయనే ఒకటి సంచిలో వేశాడు.

ఆ ఫొటోకి దండ వేయడం నాకు కొత్త కాదు. ఇరవై ఏళ్ల కిందట, బావగారు నిక్షేపంగా ఉండగానే, నా చేతులతో వేశాను.

నేను సినిమాలకు కళాదర్శకుణ్ణి. ఎన్నో పోలీస్ స్టేషన్లు, కోర్టులు, గుళ్లు ప్లైవుడ్డుతో కట్టించి, షూటింగ్ అవగానే పీకించాను. కొత్త గోడకి టీ డికాషనూ మసీ పూసి, మధ్యాహ్నంలోగా నలభై ఏళ్ల గోడలా చూపించేవాణ్ణి. అప్పుడొక సినిమాలో హీరో ఇంటికి, చనిపోయిన తండ్రి ఫొటో కావలసి వచ్చింది. తెచ్చినవేవీ దర్శకుడికి నచ్చలేదు. నాంపల్లిలో రైల్వే స్టేషన్ వెనక, అక్కవాళ్ల హాల్లో వేలాడే బావగారి ముఖం గుర్తొచ్చింది. ఆయన కోర్టులో గుమాస్తా. మెడదాకా గుండీలు పెట్టిన తెల్లచొక్కా, నవ్వు ఆపుకుంటున్నట్టు బిగించిన పెదవులు. "సెట్లో గోడ బోసిగా ఉందక్కా, ఊరికే తగిలిస్తాను" అన్నాను. అప్పటికే దండ కొని కారులో పెట్టుకున్నాను.

సినిమా ఆబిడ్స్‌లో ఆడుతుంటే మ్యాట్నీకి వాళ్లిద్దరినీ నేనే తీసుకెళ్లాను. తెరమీద నా పేరు చూపించాలన్న సంబరంలో ఫొటో సంగతే మరిచాను. తెర నిండా బావగారు, నుదుట కుంకుమ, చుట్టూ దండ. కింద హీరో తల్లి ఏడుస్తోంది. బావగారు హాలంతా వినబడేలా నవ్వారు. అక్క ఆయన చెయ్యి పట్టుకుని లేచింది. ఇంటికెళ్లి ఆయనకి తలస్నానం చేయించి, దిష్టి తీసి, అప్పుడు నాకు కాఫీ ఇచ్చింది. "నువ్వెన్ని గోడలైనా కట్టుకోరా. నా గోడ జోలికి మాత్రం రాకు."

ఫొటో బీరువాలోకి వెళ్లిపోయింది. ఆ తర్వాత నేనెప్పుడు వెళ్లినా బావగారు, "నన్ను చంపినవాడొచ్చాడు, కాఫీ పెట్టవే" అనేవారు. నేనూ నవ్వేవాణ్ణి. ఆయన నవ్వు చాటున దాక్కుని, అక్కని ఒక్కసారీ క్షమించమని అడగలేదు. కానీ ఆయనకి కాస్త జ్వరమొచ్చినా నాకు నిద్రపట్టేది కాదు. రైలు వెళ్లి అక్కవాళ్ల హాలు అదిరినప్పుడల్లా, గోడ మీది ఖాళీ మేకు నావైపే చూస్తున్నట్టుండేది.

నిన్న ఆ మేకుకే ఫ్రేము తగిలించాను. సంచిలోంచి దండ తీయబోతుంటే అక్క, "అది వద్దురా" అంది మెల్లగా. "నువ్వెప్పుడో వేసేశావుగా."

"తప్పయిందక్కా" అన్నాను.  అక్క కొంగుతో అద్దం తుడుస్తూ ఉండిపోయింది.

గోడల మీద కాలం చేయాల్సిన పనిని దానికంటే ముందే చేసి చూపించానని ఇన్నేళ్లూ గర్వపడ్డాను. అది తన పని తీరిగ్గా, తనకు వీలైనప్పుడే చేసుకుంది. నేను తొందరపడి వేసిన దండ మాత్రం ఇంకా వాడిపోలేదు.