చెవిలో గడ్డిముల్లు

గట్టు అవతలి ముసలామె పోయిందని నిన్న సింధనూరు బస్టాండులో తెలిసింది. చెప్పినవాడు నా ముఖంలో బాధ కోసం వెతికాడు. నాకు ఏడుపు రాలేదు. పదిహేనేళ్లు పక్కపక్క చేలలో బతికాం. ఒక్కనాడూ ఆమె నన్ను మంచిగా పలకరించలేదు, నేనూ అంతే. అయినా ఆమె గురించి మీకు చెప్పకపోతే తప్పు చేసినదాన్నవుతాను.

మేం కృష్ణా జిల్లా నుంచి వచ్చి కాలువ కింద వరి వేయడం మొదలుపెట్టిన రోజులవి. మా చేను అంతకుముందు ఆమె గొర్రెలు మేసిన బీడు.

"కాలువొచ్చింది, మీరొచ్చిండ్రు. నా గొర్లు యాడ మెయ్యాలె?" అని గట్టు మీద నిలబడి తిట్టేది. మా కుక్క మొరిగితే రాయి విసిరేది.

"ఆ వయసుకి ఆ నోరేంటండీ?" అని నేను ఇవతల నుంచి అరిచేదాన్ని.

ఒక కోతల కాలంలో మా కుక్క తీరు మారింది. మా అమ్మాయి తల నిమరబోతే పళ్లు చూపింది. రెండు రోజులకు గట్టు మీద నడుస్తున్న ముసలామె చీర పట్టి చింపేసింది. ఆమె అరుపులకు కోత కూలీలంతా చేరారు.

"పిచ్చెక్కింది. చంపెయ్యడమే," అన్నారు మా ఆయన. కుక్కను గుంజకు కట్టి దుడ్డుకర్ర తీశారు. నేను అడ్డు చెప్పలేదు. ఆ మాట రాయడానికి ఇప్పటికీ సిగ్గేస్తోంది.

చిరిగిన చీరతోనే ముసలామె మధ్యకు వచ్చింది.

"ఆగు. తల ఒక దిక్కే వంచుతున్నది, కనవడ్తలేదా? చెవుల ఏదో నొప్పున్నది."

"మీ మీదకే వచ్చింది కదండీ!" అన్నాను.

"వచ్చింది. నొస్తే నువ్వు ఊకుంటవా? మా ఆయన గిట్లనే ఒక కుక్కను పిచ్చిదని కొట్టి సంపిండు. సచ్చినంక నోరు తెరిస్తే పండ్ల సందుల కోడి బొక్క ముక్క ఇరికున్నది." మా ఆయన చేతిలోని కర్ర వైపు చూసింది. "కర్ర అందిచ్చింది నేనే."

మా ఆయన కర్ర దించారు.

కుక్క మూతికి తాడు చుట్టి, దానితో ఆమే మా ఎడ్లబండి ఎక్కింది. సింధనూరు పశువుల ఆసుపత్రిలో దాని తలను మోకాళ్ల మధ్య అదిమి పట్టుకుంది. డాక్టరు చెవిలోంచి చీముతో పాటు వేలెడు గడ్డిముల్లు లాగాడు. పది రోజులు కట్టేసి గమనించమన్నాడు గానీ, ఇది పిచ్చి కాదు, నొప్పే అన్నాడు.

బయటికొచ్చాక, "మామ్మగారూ..." అనబోయాను.

"నీ మొకం సూసి రాలే. నాతోని మాట్లాడకు."

నెల తిరక్కుండానే అదే కుక్క మీద మళ్లీ రాయి విసిరింది కూడా.

నాకు గుర్తుండిపోయింది మాత్రం ఆ తిరుగు ప్రయాణం. ఎన్నాళ్లుగా నిద్ర లేదో, కుక్క ఆమె ఒళ్లో తల పెట్టి పడుకుంది. మా గుమ్మం ముందు బండి ఆగాక దాన్ని దించబోతే, "పండనీ" అంది. ఎడ్లను విప్పేశాం. పొద్దు వాలుతోంది. ఒళ్లో కుక్కతో, మా ఇంటికి వీపు పెట్టి, ఆమె ఆ ఎడ్లు లేని బండిలో కూర్చునే ఉంది.