మొక్కు కోసం ఆపిన మందు

మా అత్త పోయింది. మొన్న మంగళవారం పొద్దున, ఒక గంట ఇంటికెళ్ళి స్నానం చేసి రమ్మని నన్ను ఆసుపత్రి నుంచి పంపించారు. తల తుడుచుకుంటుంటే మా ఆయన ఫోన్. "అమ్మ పోయె" అన్నారు.

అందరూ ఏడుస్తున్నారు. నాకు ఏడుపుతో పాటు కోపం కూడా వస్తోంది. ఆ కోపం ఎందుకో చెప్పకపోతే ఈ నాలుగు ముక్కలు రాసీ ఉపయోగం లేదు.

నా పుట్టిల్లు మదురై దగ్గర వాడిపట్టి. చిన్నప్పటి నుంచీ ఆస్తమా. పెళ్ళి మాటలప్పుడు మా అమ్మ ఆ సంగతి బయట పొక్కనివ్వలేదు. పీల్చే మందు డబ్బాను పట్టుచీర మడతల్లో దాచుకుని కారమడై ఊరికి కోడలిగా వచ్చాను. ఈ ఇంట్లో ప్రతి శుక్రవారం గదిగదికీ సాంబ్రాణి పొగ పట్టేవాళ్ళు. పొగ రాగానే నేను స్నానాలగదిలో దూరి, కుళాయి తిప్పి, ఆ చప్పుడులో దగ్గుకునేదాన్ని. మూడో శుక్రవారం అత్త తలుపు తట్టింది.

"కణ్ణూ, ఆ డబ్బా వంటింట్లో ఉప్పు పక్కన పెట్టుకో. బీరువా తెరిచేలోపల మూచ్చు నిలిచిపోతే ఏమి చేస్తువు?"

మా ఇళ్ళలో కణ్ణూ అంటే బంగారూ, మూచ్చంటే ఊపిరి. ఆ పూట నా ఊపిరి సగం భయంతోనే ఆగింది. ఇక పుట్టింటికి పంపేస్తారనుకున్నాను. పై శుక్రవారం ఆమె సాంబ్రాణి పళ్ళెం వీధి గేటు దగ్గర తిప్పి అక్కడే ఆర్పేసింది. అడిగినవాళ్ళకు "నాకు పొగ పడలే, తలనొప్పి" అని చెప్పింది. తలనొప్పి అన్నది ఆమె ఎరగదు.

పడకపోవడం మాత్రం నిజమే. కట్టెల పొయ్యి ముందు సగం జీవితం, మిగతా సగం మా పత్తి గిన్నింగ్ షెడ్డులో, దూది ధూళిలో కూలీల పక్కనే నిలబడి. చివరికి ఆమె ఊపిరితిత్తులూ పాడయ్యాయి. సిగరెట్ అలవాటుందా అని డాక్టరు మాటవరసకు అడిగితే, "నేను తాగలే సామీ, పొయ్యి తాగించె" అంది. ఆయన నవ్వాడు. నవ్వి, రోజూ రెండు పూటలా పీల్చాల్సిన మందు రాసిచ్చాడు. బాగున్న రోజున కూడా మానకూడదని, ఉబ్బసం ఎగదన్నిన ప్రతిసారీ ఊపిరితిత్తి కొంత నష్టపోతుందని, పోయింది తిరిగి రాదని చెప్పాడు.

ఆ మాట ఆమె నా విషయంలో వేదంలా పట్టుకుంది. ఊపిరి ఎగదన్నడం ఒక్క క్షణంలో జరగదు, రెండు మూడు రోజుల ముందే జాడలిస్తుంది. ఆ జాడలు నాకన్నా ఆమెకే ముందు తెలిసేవి. నేను మెట్ల మధ్యలో ఆగితే, మాట మధ్యలో గాలి పీలిస్తే, ఒక దిండు చాలక రెండోది వేసుకుంటే, వంటింట్లోంచే కేక: "ఇళప్పు వస్తాండాది, మందు తీసుకుంటివా?" ఇళప్పంటే ఆయాసం. నేను ఇంకా ఏం లేదంటే ఒకటే మాట. "మూచ్చు అడిగినాక ఇచ్చేది కాదు కణ్ణూ, అడగకముందే ఇయ్యాల." ఆ పోరు పడలేక ఎన్నిసార్లు విసుక్కున్నానో!

ఇప్పుడు మొక్కు సంగతి. మా పెద్దమ్మాయి కడుపులో ఉండగా నాకు ఉబ్బసం ముదిరి ప్రాణం మీదికి వచ్చింది. అప్పుడు అత్త రంగనాథుడికి మొక్కుకుంది. కోడలి ఊపిరి దక్కితే ఏటా మాసి నెల తేరుకు, ఆ రథోత్సవం రోజులన్నీ, మా ఇంటి నుంచి పందం, అంటే కాగడా. మా ఆయన కాగడా పట్టుకుంటారు, ఆమె పక్కన నడుస్తూ నూనె పోస్తుంది. నా ఊపిరి కోసం పొగ మొక్కు! ఆ పొగ నాకు తగలకూడదని ఆ పది రోజులూ నన్ను వాడిపట్టికి తరిమేసేది. కాబట్టి ఆ రోజుల్లో ఆమె ఏం చేస్తోందో ఇన్నేళ్ళూ నేను చూడనే లేదు.

ఈ ఏడు వాడిపట్టి నుంచి ఫోన్ చేశాను. మామూలుగా నన్ను మాట్లాడనివ్వని మనిషి, "ఆ... బాగుండాను..." అని ఆగింది. గాలి పీల్చుకుంది. "వానితో మాట్లాడు" అని ఫోన్ కొడుక్కి ఇచ్చేసింది. రెండు మాటలకు ఒక శ్వాస. దొరికిన బస్సెక్కాను. దారి పొడుగునా మా ఆయనకు ఫోన్ చేస్తూనే ఉన్నాను. "దగ్గే, తేరు ముగిసినాక చూపిస్తాము" అంటారాయన. ఇప్పుడే తీసుకెళ్ళమని బస్సులో అరిచాను. పక్కసీటు ఆవిడ భయపడి లేచిపోయింది.

నేను వచ్చేసరికి మంచం మీద చేతులు ముందుకు ఆనించుకుని కూర్చుని ఉంది. భుజాలు పైకి లేస్తున్నాయి. పెదాలకు రంగు లేదు. ఉప్పు పక్కన ఆమె మందు డబ్బా మూత తీయకుండా ఉంది.

"విరతం కదా" అంది. "నోట్లో... ఏమీ... పడగూడదు."

తొమ్మిది రోజులు. మొక్కు ఉపవాసం చెడుతుందని, నోటితో పీల్చే మందును తిండి కింద జమకట్టి మానేసింది. ఏటా అలాగే చేసేదట. ఏటా ఎలాగో గట్టెక్కేది కాబోలు, మాకు తెలియలేదు. ఈసారి దాని మీద జ్వరం, పచ్చటి కఫం, ఆపైన కాగడా పొగ. అన్ని జాడలూ ఆమెకు తెలుసు. నాలో పట్టే మనిషి తనలో దాచుకుంది.

మీ ఇంట్లో పీల్చే మందు వాడే పెద్దవాళ్ళుంటే, ఉపవాసాల రోజుల్లో దయచేసి అడగండి. ఆపారా అని మెత్తగా కాదు, గట్టిగా అడగండి. నేను అడగలేదు.

ఆసుపత్రిలో నాలుగు రోజులు. సోమవారం సాయంత్రం ఆమె ముఖానికి ఆక్సిజన్ మాస్కు, మంచం పక్కన నేను. ఇక ఉండబట్టలేక అడిగేశాను. "ఏల అత్తా ఇట్ల చేస్తిరి? నా మూచ్చుకు మీ మూచ్చు ఎవరు అడిగిరి?" గొంతు పెద్దదైంది. నర్సు తిరిగి చూసింది.

అత్త నా భుజాల వైపే చూస్తోంది. మాస్కు పక్కకు లాగింది.

"ఇళప్పు... నీకు. పఫ్... తీసుకో."

నిజమే. నాలుగు రోజుల పరుగులో నా ఛాతీ బిగుసుకుపోయిందని అప్పటిదాకా నాకే తెలియలేదు. నర్సు వచ్చి కసురుతూ మాస్కు సర్దింది. నేను సంచిలోంచి డబ్బా తీసి, పీల్చి, ఊపిరి బిగబట్టాను. పది లెక్కపెట్టాలి. దుప్పటి మీద ఆమె కుడిచేయి లేచింది. బొటనవేలు మడిచింది, తర్వాత చూపుడువేలు. ఒక చేయి అయ్యాక సూది గుచ్చిన రెండో చేతిని కూడా మెల్లగా పైకెత్తింది. ఒక్కో వేలికీ ఆమె ఛాతీ రెండుసార్లు ఎగసిపడుతోంది, అయినా తొందరపడలేదు. పదో వేలు మడిచాక, ఇక వదలమని నాకు తల ఊపింది.