అత్తగారిని నిద్రపుచ్చిన గోల

అతను వారమంతా లిఫ్టులు బాగుచేసేవాడు, ఆదివారం మధ్యాహ్నాలు డ్రమ్ములు బాదేవాడు. బాదడమంటే బాదడమే. వాళ్లది మహావేగంగా వాయిస్తూ అరిచే ముగ్గురి హార్డ్‌కోర్ పంక్ బ్యాండు. పాట మొదలైందని జనం గ్రహించేలోపు అయిపోయేది. గిటారు వాయించేది బావమరిది, లెక్కల మాస్టారు. పాడే అమ్మాయి పళ్ల డాక్టరు దగ్గర చీటీలు రాసేది. వారమంతా మెల్లగా మాట్లాడిన కసినంతా మైకు మీద తీర్చుకునేది.

నలభై నిండగానే మాస్టారికి జ్ఞానోదయమైంది. వేగం కుర్రతనమనీ, ఇకమీదట తమ సంగీతం బరువుగా, ప్రయోగాత్మకంగా ఉండాలనీ తేల్చేశాడు. కొత్త పాట ఇరవయ్యారు నిమిషాలు. గిటారు ఒకే స్వరం మీద రోడ్డు రోలరులా దొర్లుతుంది. పాడే అమ్మాయి అరవకూడదు, ఊపిరి వదలాలి. డ్రమ్ము దెబ్బలు మొత్తం పంతొమ్మిది.

"పంతొమ్మిదేనా?" అన్నాడతను.

"ఎక్కువనిపిస్తే తగ్గిద్దాం బావా."

సాధన అతని ఇంటి స్టోరు గదిలో. గోడకవతల అత్తగారి మంచం. ముప్పయ్యేళ్లు టెలిఫోన్ ఆఫీసులో రాత్రి డ్యూటీలు చేసి ఆవిడ నిద్రకు నీళ్లొదులుకుంది. మాత్రలూ పనిచేయలేదు. పద్దెనిమిదేళ్లుగా ప్రతి ఆదివారం గోడ మీద చేతికర్రతో కొట్టి కొడుకునీ అల్లుణ్నీ కలిపి తిట్టేది.

కొత్త పాట మొదలెట్టిన రోజు గోడ పలకలేదు. తొమ్మిదో దెబ్బకి అతను ఆవిడకేమైనా అయిందేమోనని కర్రలు పక్కన పడేసి వెళ్లి చూశాడు. అత్తగారు కళ్లజోడు తీయకుండానే ఒళ్లు మరిచి గురక పెడుతోంది. గుమ్మంలో భార్య అతన్ని ఆపి, "ఆపారేంటండీ, వెళ్లి కొట్టండి" అంది గుసగుసగా.

సంగతి మెట్లెక్కి పై అంతస్తులకు పాకింది. మరుసటి ఆదివారానికి నిద్రపట్టని ఇరుగుపొరుగు దిండ్లతో దిగారు. మాస్టారు ఉడికిపోయాడు. ఇది విని మనుషులు వణికిపోవాలి గానీ కన్నతల్లి గురక పెట్టడమేమిటని బావ దగ్గర వాపోయాడు.

ఆ నెలలోనే ఊళ్లో ఒక హాల్లో కచేరీ పెట్టారు. ఎగిరి ఒకరినొకరు గుద్దుకుందామని వచ్చిన పాత అభిమానులు, రెండో దెబ్బకీ మూడో దెబ్బకీ మధ్య ఓసారి మొహమొహాలు చూసుకుని జారుకున్నారు. దిండ్లవాళ్లు మాత్రం వరసగా పడుకున్నారు. మాస్టారు పంతం కొద్దీ శబ్దం పెంచాడు. కిటికీ అద్దాలు గడగడలాడాయి. పడుకున్నవాళ్లు ఇటు నుంచి అటు ఒత్తిగిలారు. శ్రోతలు భయంతో కదల్లేకపోయారని ఒక సంగీత పత్రిక రాసింది. మాస్టారు ఆ కాగితానికి ఫ్రేము కట్టించాడు.

కచేరీ అయిన మర్నాడు అత్తగారు అల్లుణ్ని పక్కన కూర్చోబెట్టుకుంది.

"ఆ పదకొండో దెబ్బ కాస్త మెత్తగా వెయ్యి బాబూ. అక్కడే మెలకువ వచ్చేస్తోంది."

తన దెబ్బల్ని లెక్కపెట్టుకుంటూ విన్న మనిషి అతనికి ఇన్నాళ్లకు దొరికింది. అలాగేనని తలూపాడు. ఆదివారం సాధనకు ముందు ఒక డ్రమ్ము కర్ర కొసకి పాత బనీను గుడ్డ చుట్టి, దారంతో గట్టిగా కట్టాడు. మాస్టారికి చెప్పలేదు.