పైకి చదివిన ఒప్పందం

బుధవారం, పొద్దున పదకొండు గంటల పది నిమిషాలు. నాచారంలో మా ఫ్యాక్టరీ మేనేజరు గదిలో ఒప్పందం మీద సంతకాలు పెట్టాల్సిన వేళ. నిమిషాలతో సహా ఎందుకు గుర్తుందంటే, నేను చదువుతున్నంతసేపూ మేనేజరు గోడగడియారం వైపే చూశాడు.

అప్పుడు నేను యూనియన్ ప్రెసిడెంటును. లేబర్ పార్టీ తరఫున ఉప్పల్‌లో కార్పొరేటర్‌గా రెండుసార్లు నిలబడి రెండుసార్లూ ఓడినదాన్ని. అక్షరాలు యాభై ఏళ్లు దాటాకే వచ్చాయి. అంతకుముందు మా సెక్రటరీ "ఇక్కడ వేలెయ్యక్కా" అంటే వేసేదాన్ని. తమ్ముడనే పిలుస్తాను అతన్ని. అతను ఉపన్యాసం మొదలుపెడితే గేటు దగ్గరి కుక్కలు కూడా కూర్చుని వినేవి. కాగితానికి మాత్రం మొదటి పేజీ, చివరి పేజీ చాలని అతని నమ్మకం.

మేం అడిగింది ఒకటే. కాంట్రాక్టు మీద ఉన్నవాళ్లను పర్మనెంట్ చేయాలి, ముఖ్యంగా ప్యాకింగ్‌లో ఏళ్లుగా ఉన్న పద్నాలుగు మంది ఆడవాళ్లను. మేనేజరు సరేనన్నాడు. టైపిస్టమ్మ కాగితాలు తెచ్చిపెట్టింది. తమ్ముడు పెన్ను మూత తీశాడు.

"ఆగు, సదువుతా."

"నేను సదివిన అక్కా, అంతా మంచిగనే ఉంది."

"నువ్వు సదివినవ్. నేను సదవలే గద."

నాకు లోపల్లోపల చదవడం రాదు. నోరు కదలకపోతే కన్ను ముందుకు పోదు. వేలు పెట్టి, కూడబలుక్కుంటూ గట్టిగా మొదలుపెట్టాను. టీలు చల్లారాయి.

"జర మెల్లగ సదువక్కా, ఇజ్జత్ పోతది," తమ్ముడు గొణిగాడు.

"నీ ఇజ్జత్ యాడికి పోదు, కూసో."

రెండో పేజీ మధ్యలో, "ప్యా...కింగ్ వి...భా...గం త...ప్ప, మి...గి...లిన వా...రిని పర్మ...నెంట్..." అని చదివి, నా గొంతు నాకే వినబడి ఆగిపోయాను.

తమ్ముడు పెన్నుకు మూత పెట్టేశాడు.

"టైపింగ్‌లో పొరపాటమ్మా, మార్పించేస్తాను," అన్నాడు మేనేజరు.

"మార్పియ్యి సారూ. మల్ల మొదట్నుంచి సదువుతా."

అలాగే చదివాను. ఈసారి నా వేలి పక్కనే తమ్ముడి వేలు కూడా నడిచింది. ఆ తర్వాతే సంతకాలు.

ఆ రోజు అక్కడ ఉన్నవాళ్లు: ఒకే ఒప్పందాన్ని రెండుసార్లు విన్న మేనేజరు, రెండుసార్లు టైపు చేసిన టైపిస్టమ్మ, అప్పటినుంచి మధ్య పేజీలు కూడా చదవాల్సి వస్తోందని ఇప్పటికీ నన్ను తిట్టుకునే మా సెక్రటరీ తమ్ముడు, నేను. తలుపు బయట ప్యాకింగ్ ఆడవాళ్లు, పద్నాలుగు మందీ. వాళ్లకు ఎవరూ ఏమీ చెప్పాల్సిన పని లేకపోయింది. అంతా వినబడింది.