దుప్పటి మీద పడని మాట

ఆరేళ్లుగా ఒక మాట నన్ను తినేస్తోంది. మా ఆయనకు కూడా చెప్పలేదు. మీరెవరో నాకు తెలియదు కాబట్టి మీకు చెప్పగలుగుతున్నాను.

దేశం కాని దేశంలో, హామిల్టన్‌లో ఒక వృద్ధుల సంరక్షణ కేంద్రంలో ఎవరికి ఏ షిఫ్టు వేయాలో చూసేది నేను. ఒక ఏడాది సెనెగల్ నుంచి ఒక కళాకారిణి వచ్చింది. బొమ్మలు వేస్తుంది, సినిమాలు తీస్తుంది. మా దగ్గర పనిచేసేవాళ్ల చేతులు మాత్రమే చూపించి, వాళ్ల మాటలు వాళ్ల భాషల్లోనే వినిపించి, ఆ సినిమాను మేం వాడి తీసేసిన దుప్పట్లనే తెరలుగా కట్టి వాటి మీద వేస్తానంది. తన అమ్మమ్మ చెప్పింది ఒకటైతే, వాళ్ల దేశాన్ని ఏలిన దొరలు రాసుకున్నది ఇంకొకటట. అందుకే ఎవరి గొంతూ మార్చనంది. తెలుగు మాటల కింద ఇంగ్లీషు రాసే పని నాకిచ్చింది. నన్ను నమ్మింది.

మా దగ్గర పనిచేసే మార్తా ఆంటీది గుంటూరు వైపు. దుప్పటి మడతపెడుతూ మాట్లాడింది. తనను పెంచిన అక్క చావుబతుకుల్లో ఉందని ఫోనొస్తే సెలవు అడిగిందట. షిఫ్టులు వేసే మనమ్మాయి, మనుషుల్లేరు, వచ్చే వారం చూద్దామందట. వచ్చే వారానికి అక్క లేదు.

ఆ మనమ్మాయిని నేనే.

మనుషుల్లేరన్నది అబద్ధం. ఆంటీ వెళ్తే శనివారం ఆవిడ షిఫ్టు నేను చేయాలి. ఆ రోజు మా పాప పుట్టినరోజు. కేకు చెప్పేశాం, అందరినీ పిలిచేశాం. అంతే కారణం. రాస్తుంటే ఎంత చిన్నగా ఉందో.

హెడ్‌ఫోన్లు పెట్టుకుని ఆ మాటలు ఎన్నిసార్లు విన్నానో లెక్కలేదు. ఉద్యోగం పోతుందని భయపడ్డానా, పదిమందీ చదువుతారని సిగ్గుపడ్డానా, లేక నా గురించి నిజం నా చేత్తోనే రాయడం నావల్ల కాలేదా? ఇప్పటికీ తేలలేదు. చివరికి ఇంగ్లీషులో "విమానం టికెట్టు దొరకలేదు" అని రాసి పంపేశాను.

ప్రదర్శన రోజు ఆంటీ మంచి చీర కట్టుకుని వచ్చి నా పక్కనే నిలబడింది. ఇంగ్లీషు అంత వేగంగా చదవడం ఆవిడకు రాదు.

"నేను చెప్పిందంతా ఇంగ్లీషులో పడిందా అమ్మా?"

"అంతా పడింది ఆంటీ."

ఆవిడ కాసేపు నా మొహంలోకి చూసింది. "సరేలే" అంది.

తర్వాత పామర్‌స్టన్ నార్త్‌లో కూతురి దగ్గరికి వెళ్లిపోయింది. నంబరు నా ఫోన్లో ఉంది. ఆ సినిమా ఇంకా దేశాలు తిరుగుతోంది, నా అబద్ధాన్ని ఆ కళాకారిణి పేరు మీద మోసుకుని. ఇంగ్లీషు రాసేది నేనేనని ఆంటీకి ముందే తెలుసు. మొహం మీద అనలేక, నేను వింటానని తెలిసే అలా చెప్పిందా? ఈ ప్రశ్న దగ్గరే ప్రతిసారీ ఆగిపోతాను.

ఎందుకంటే ఆ సినిమాలోనే ఆవిడ ఇంకో మాట కూడా అంది. దానికి నేను ఇంగ్లీషే రాయలేదు. "ఆ అమ్మాయి మీద నాకేం కోపం లేదండీ. సెలవు ఇవ్వకపోతే పోనీ. ఒక్కసారి 'అయ్యో ఆంటీ' అనుంటే నాకదే చాలు."

అయ్యో ఆంటీ.

ఇదిగో, అన్నాను. కాస్త ఊపిరాడుతోంది. అన్నది మాత్రం ఆవిడకు వినపడని చోట.