చుట్టంగా వెళ్లనన్న మామ

మా మేనమామ మొన్న మంగళవారం పోయాడు. భివండిలోని మా కామత్‌ఘర్ గల్లీకి ఆ కబురు ఎవరూ చెప్పనక్కర లేకపోయింది. పట్టపగలు, కరెంటు ఉండగానే, ఆయన మరమగ్గాలు ఆగిపోయాయి. వాటిని మేం సాంచాలంటాం.

సాంచాలు నడుస్తుంటే ఆ షెడ్డులో ఎవరైనా అరిచే మాట్లాడాలి. నా ఎం.ఏ. చరిత్ర పాఠాలన్నీ ఆయన చెవిలో అరిచి వల్లించినవే. ప్రపంచ చరిత్రను ఇంత గొంతుతో బోధించిన పండితుడు మరొకడు లేడని పాఠకులకు సవినయంగా మనవి. మధ్యలో కరెంటు పోయిందంటే "నల్లజాతి విముక్తి" అన్న నా కేక గల్లీ చివరి చాయ్ దుకాణం దాకా వెళ్లేది. చాయ్‌వాలా అక్కణ్నుంచే తల ఊపేవాడు. నాకు మార్కులు వేసింది కాలేజీ, ప్రశ్నలు వేసింది మాత్రం మామ.

ఒకరోజు ఘనా పాఠం వచ్చింది.

"మామా, ఘనా ఆజాద్ అయిందని ఇని అమెరికల నల్లోళ్లకు ధైర్యమొచ్చింది. కొందరైతే సామాన్లు సర్దుకొని ఆడికే పోయిండ్రు. బడులల్ల చెప్పనీకి, దవాఖానల్ల చెయ్యనీకి."

"సాంచాలోళ్లు పోలేదా?"

"పుస్తకంల రాయలే."

"రాసినోనికి అంగీబట్ట ఎవడు నేసిండో అడుగు."

తెలంగాణ కోసం భివండిలో సాంచాలు బంద్ పెట్టించిన మనిషి ఆయన. రాష్ట్రం వచ్చాక తెలంగాణలోని సొంత ఊళ్లోనే బతుకుదామని అప్పటికే ఒకసారి వెళ్లాడు. "బొంబాయి మామా, ఎన్నొద్దులుంటవ్?" అని అందరూ ప్రేమగానే అడిగారు. వానాకాలం దాటకుండానే తిరిగొచ్చాడు.

"ఘనాకు పోయినోళ్లను ఆడ ఏమన్నరు?" అన్నాడు మామ, తెగిన పోగు ముడేస్తూ.

"మొదలు మనోళ్లన్నరు. సర్కారు మారినంక అమెరికోళ్లన్నరు. శానమంది వాపసొచ్చిండ్రు."

మామ ముడి బిగించి, పోగు కొస తెంపేశాడు.

"అయితేంది. దేశం ఆజాదయింది అబద్ధం కాదు గద. మన రాష్ట్రం గూడ గంతే. కని నన్ను ఈడనే కాల్చుండ్రి. ఆడికి ఇంకోపారి సుట్టమై పోను."

బుధవారం పొద్దున ఊరి నుంచి వచ్చిన ఆయన తమ్ముడు అప్పటికే బండి మాట్లాడి పెట్టాడు. "కొట్లాడి తెచ్చుకున్న మట్టి. ఆడికే తీస్కపోదాం" అన్నాడు. ఆ మాటలో తప్పేమీ లేదు. షెడ్డు గడపలో కూర్చున్న అత్త నావైపు చూసింది.

"నీతోని ఏమన్న చెప్పిండా బిడ్డా?"

అలవాటు చొప్పున ఆమె చెవి దగ్గరికి వంగి గొంతు చించుకున్నాను.

"ఈడనే కాల్చుమన్నడత్తా. ఆడికి సుట్టమై పోనన్నడు."

సాంచాలు ఆగి ఉన్నాయన్నది అప్పుడు గుర్తొచ్చింది. మామ తమ్ముడు లేచి బండిని వెనక్కి పంపాడు. గల్లీ చివర చాయ్‌వాలా ఈసారి తల ఊపలేదు. పొయ్యి మీది గిన్నె దించి, లేచి నిలబడ్డాడు.