సెలవులో ఉన్నట్టు రాసిన రోజు

1961లో నేను కొడవలూరు దగ్గర ఒక రైస్ మిల్లులో గుమాస్తాని. హాజరు, జీతాలు, లీవ్ రిజిస్టర్ అన్నీ నా చేతి మీదే నడిచేవి. పనిచేసిన ప్రతి ఇరవై రోజులకీ ఒకరోజు చొప్పున జీతంతో సెలవు ఇవ్వాలని ఫ్యాక్టరీ చట్టం. వాడుకోని సెలవులకు, మనిషి పని మానేటప్పుడు జీతం కట్టివ్వాలి.

మా మిల్లులో సెలవులు ఎవరికీ ఇచ్చింది లేదు. ఇన్‌స్పెక్టర్ వస్తున్నాడని తెలిస్తే, ముందే సంతకాలు పెట్టించుకున్న ఖాళీ పేజీల్లో తోచిన తేదీలు వేసి, ఏడాది సెలవులన్నీ ఒక్క పూటలో నింపేసేవాణ్ణి. అది తప్పని నాకు తెలుసు. అందరూ చేసేదే కదా అనుకునేవాణ్ణి.

ఖాదర్ సాయిబు మా బాయిలర్ ఫైర్‌మన్. ఊక ఎగదోసి ఆవిరి నిలబెట్టడం ఆయన పని. చూపు తగ్గి పని మానుకున్నాక, మిగిలిన సెలవుల జీతం అడిగాడు. సెలవులన్నీ వాడుకున్నట్టు రిజిస్టర్‌లో ఉందని యజమాని ఇవ్వనన్నాడు. నెల్లూరులో వేతనాల కేసులు విచారించే అధికారి దగ్గర ఖాదర్ అర్జీ పెట్టుకున్నాడు. మిల్లు తరఫున సాక్షిని నేనే.

విచారణ రోజు అధికారి ఖాదర్‌కు రిజిస్టర్ చూపించి, "ఈ సంతకం నీదేనా?" అని అడిగాడు.

"నాదే అయ్యా. గుమాస్తాగారు పెట్టమంటే పెట్టినాను. నాకు చదవను రాదు. అందులో ఏ తేదీలున్నాయో కొంచెం చదవండి."

అధికారి చదువుతూ పోయాడు. మార్చి పదకొండు నుంచి పధ్నాలుగు దాకా అనగానే ఖాదర్ చెయ్యెత్తాడు. నావైపు తిరిగాడు.

"గుమాస్తాగారూ, అంతకు ముందురోజు మా ఇంటామెకు జబ్బుగా ఉంది, సెలవియ్యమని మిమ్మల్ని అడిగినాను. సీజన్లో సెలవేంది అన్నారు. పన్నెండో తేదీ ఆమె పోయింది. నేను బాయిలర్ దగ్గరుంటే ఆ కబురు మీరే గదా తెచ్చినారు?"

అంతా నిజం. రాసేటప్పుడు అది ఏ రోజో నేను ఆలోచించను కూడా లేదు.

"నిజమేనా?" అన్నాడు అధికారి.

యజమాని నా వెనకే కూర్చుని ఉన్నాడు. ఇంట్లో ముగ్గురు పిల్లలు. "గుర్తు లేదు సార్" అన్నాను.

సంతకం ఖాదర్‌దే కాబట్టి అర్జీ కొట్టేశారు.

రెండు నెలలు అన్నం సయించలేదు. చివరికి ఒక ఆదివారం ఆయన ఇంటికి పోయాను. నులక మంచం అల్లుకుంటున్నాడు.

"అన్నా, నేను తప్పు చేసినాను. అప్పీలు వేస్తే ఈసారి నిజం చెప్తాను."

"గడువు దాటిపోయిందంట. ఆ డబ్బు లేకున్నా గడిచిపోతుందిలే." నులక లాగి ముడి వేశాడు. "మా అబ్బాయే నాతో సరిగా మాట్లాడడం లేదు. అమ్మ పోయేటప్పుడు సెలవు పెట్టి కూడా ఇంట్లో లేవే, యాడికి పోయినావు అంటున్నాడు. మిల్లులోనే ఉన్నానంటే, కోర్టు కాగితంలో అట్లా లేదే అంటున్నాడు."

ఆ కొడుకు గూడూరులో దర్జీ. మర్నాడే బస్సెక్కి పోయి, జరిగిందంతా చెప్పాను. మిషన్ ఆపి విన్నాడు.

"అధికారి అడిగిన రోజు గుర్తు లేదన్నావంట. ఇప్పుడు గుర్తొచ్చిందా? మా నాయన పంపించినాడా నిన్ను?"

ఒట్టు వేశాను. అతను తలొంచుకుని మళ్ళీ మిషన్ తొక్కడం మొదలుపెట్టాడు.

ఆ తర్వాత కూడా చాలా ఏళ్ళు అదే మిల్లులో పనిచేశాను. ఖాళీ పేజీ మీద ఎవరి చేతా సంతకం పెట్టించలేదు. దానివల్ల ఖాదర్‌కు ఒరిగిందేమీ లేదు. తండ్రీకొడుకులు మళ్ళీ కలిశారో లేదో కనుక్కునే ధైర్యం నాకు చాల్లేదు. నిజం చెప్పడానికి నాకు ఒక రోజంటూ వచ్చింది. ఆ రోజు పోగొట్టుకున్నాక అదే మాట ఎన్నిసార్లు చెప్పినా, వినేవాళ్ళకు అది సంజాయిషీగానే వినబడుతుందని ఆ దర్జీ దుకాణం ముందు తెలుసుకున్నాను.